డైలాగు లేని వేషం

సహానా బీన్స్ ఈనెలు తీస్తోంది. ఒళ్ళో గిన్నె, బల్ల మీద స్క్రిప్టు, ముక్కు మీద కళ్ళద్దాలు. వాటి కాడ విరిగితే నల్లదారంతో కట్టుకుంది. ఎదురుగా మిన్ తెల్లకోటు తొడుక్కుని నిలబడ్డాడు.

జర్మనీలో, ఆకెన్‌లోని ఆ అద్దె ఇంట్లో అతనిది పక్క గది. బర్మా నుంచి పారిపోయిన దంపతులకు థాయ్‌లాండ్ సరిహద్దులోని శరణార్థి శిబిరంలో పుట్టాడు. పసితనం నుంచి ఇక్కడే పెరిగాడు. ఇంటి ఓనరు కన్నా మంచి జర్మన్ మాట్లాడతాడు. ఆ సంగతి సినిమావాళ్ళకింకా తెలియదు. వాళ్ళు అతనికిచ్చేది భోజనం డెలివరీ వేషం. తలుపు తట్టాలి, డబ్బా బల్ల మీద పెట్టాలి, మాట్లాడకుండా వెళ్ళిపోవాలి. ఒక సినిమాలో డబ్బా కాస్త పెద్దది. దాన్ని అతను కెరీర్‌లో ఎదుగుదల అన్నాడు.

ఈసారి కళ్ళ డాక్టరు. హీరోయిన్‌ని ప్రేమిస్తాడు కూడా. సాయంత్రంలోగా ఆడిషన్ వీడియో తీసి పంపాలి. హీరోయిన్ మాటలు చదివే పని సహానాది.

"'డాక్టర్, నా కళ్ళలో ఏముంది?'" తెనాలి యాసలో ఉన్న తన జర్మన్‌లో చదివింది.

"కాస్త ప్రేమగా చదవొచ్చుగా."

"బీన్స్ నీక్కూడా వండుతున్నా. అంతకన్నా కావాలంటే అపాయింట్‌మెంట్ తీసుకో."

పొయ్యి దగ్గర టీ పెడుతున్న రూమ్మేట్ నవ్యశ్రీ తెలుగులో అంది: "ఏందే, కళ్ళ డాక్టరుకు కళ్ళ ముందున్నది కనిపిస్తలేదా?"

"నువ్వు నీ టీ చూసుకోవే."

ఇంతలో మిన్‌కి సినిమావాళ్ళ నుంచి ఫోన్ వచ్చింది. విని పెట్టేశాడు.

"డాక్టరు జర్మన్ కొంచెం వంకరగా మాట్లాడాలట. అప్పుడే సహజంగా ఉంటుందట."

"వంకర కావాలంటే నన్ను పెట్టుకోమను. కావలసినంత ఉంది."

అతను నవ్వలేదు. "కాదంటే మళ్ళీ డబ్బానే."

సహానా చేతిలో బీన్స్ ఆగింది. "ప్రేమించేవాడు నాలుక అరువు తెచ్చుకుంటాడా? సరే, నీ ఇష్టం. నాది సివిల్ ఇంజనీరింగ్, కళల గురించి నాకేం తెలుసు."

మిన్ కెమెరా ఆన్ చేశాడు.

"'కళ్ళు బాగానే ఉన్నాయి. నీతో మాట్లాడే ధైర్యం లేక రోజూ పరీక్ష చేస్తున్నాను.'"

ఒక్క మాటా వంకర పోలేదు.

"కెమెరా అటుంది," అంది సహానా.

"తెలుసు."

పొయ్యి మీద టీ పొంగిపోయింది. నవ్యశ్రీ కూడా చూడలేదు.

వారానికి జవాబొచ్చింది. నటన అద్భుతమట, కానీ డాక్టరంటే నమ్మబుద్ధి కాలేదట. డెలివరీ వేషం మాత్రం ఖాళీగా ఉందట. మిన్ ఒక్క మాటలో వద్దని రాశాడు.

"మాట్లాడే వేషం ఇచ్చేదాకా అడుగుతూనే ఉంటా," అన్నాడు.

"మంచిది." సహానా గిన్నె తుడుస్తూ, తుడిచిందే మళ్ళీ తుడిచింది. "ఆ రోజు నావైపు చూసిందీ నటనేనా? ఊరికే అడిగాలే."

అతను ఆమె కళ్ళద్దాల కాడకున్న నల్లదారం వైపు చూసి, తన గదిలోకి వెళ్ళాడు. ఆ రాత్రి ఆమెకి అన్నం సయించలేదు. ఉప్పు తక్కువైందని నవ్యశ్రీతో పోట్లాడింది.

మర్నాడంతా కళ్ళద్దాలు కనబడలేదు. సాయంత్రం బయట వాన. ఆమె బల్ల తడుముతుంటే ఎవరో వంటింటి పెరటి తలుపు తట్టారు. మిన్. సినిమాల్లోలాగే తల వంచుకుని వచ్చి, ఒక చిన్న డబ్బా బల్ల మీద పెట్టాడు.

తెరిచింది. తన కళ్ళద్దాలే, కొత్త కాడతో. పెట్టుకుని తలెత్తేసరికి అతను గుమ్మం దాకా వెళ్ళాడు. గొళ్ళెం మీద వేసిన చేతి మణికట్టుకి ఆమె నల్లదారం చుట్టి ఉంది.

ఒక్కసారి వెనక్కి చూసి, మాట్లాడకుండా వానలోకి వెళ్ళిపోయాడు.