చింతగింజల రెంబ్రాంట్

"పండుమిరపకాయ పచ్చడి, పాత సీసాలో ఉందా?"

ఆక్లాండ్‌లో శాండ్రింగ్‌హామ్ రోడ్డు మీది కిరాణా కొట్టులో కందిపప్పు ప్యాకెట్లు సర్దుతున్న విఠల్ చెయ్యి ఆగిపోయింది. అది కోడ్ వర్డ్. అడిగినవాడు వీరరాఘవయ్య, గూఢచారి డిపార్ట్‌మెంటుకు పసిఫిక్ చీఫ్. చూడ్డానికి మాత్రం కొడుకు దగ్గరికి విజిటర్ వీసా మీద వచ్చి, పొద్దుపోక కూరల షాపుల చుట్టూ తిరిగే పెద్దమనిషి. మఫ్లరు, స్వెట్టరు, చేతిలో కొత్తిమీర కట్ట. వేషం అంటే అలా ఉండాలి మరి!

"లోపల స్టాకుంది సార్. చూసుకుందురు రండి."

బియ్యం బస్తాల మధ్య బ్రీఫింగ్ మొదలైంది. 2006 ఆగస్టు, శనివారం, ఉదయం పది గంటలు. బయట చలి, సన్నటి వాన.

"పార్నెల్‌లో ఓ ఆక్షన్ హౌస్. మధ్యాహ్నం మూడింటికి ఓ బొమ్మ వేలానికొస్తోంది. తలపాగా ముసలివాడు. రెంబ్రాంట్ శిష్యుడెవరో గీశాడని కేటలాగ్. ఒట్టి బూటకం. గీయించింది స్టూడియో."

స్టూడియో సంగతి విఠల్‌కు కొత్త కాదు. దొంగ బొమ్మల వ్యాపారం ముసుగులో దేశాల రహస్యాలు అమ్ముకునే యూరప్ ముఠా అది.

"రంగు కింద పదిహేను పేర్లున్నాయి. ఇవాళ్టికీ పనిలో ఉన్న మన ఏజెంట్లు. సీసపు తెలుపుతో పేర్లు రాయించి పైన నల్లరంగు పూయించారు. కంటికి కనబడవు. ఎక్స్-రే తీస్తే మాత్రం పెళ్ళిపత్రికలా చదువుకోవచ్చు. కొనేవాడు వాళ్ళ కస్టమరే. బొమ్మ వాడి చేతికి వెళ్ళిందా, వారం తిరక్కుండా పదిహేను పాడెలు లేస్తాయి."

"ఆర్డర్?"

వీరరాఘవయ్య అగ్గిపెట్టెంత డబ్బా తీసి బస్తా మీద పెట్టాడు. "ఫ్రేము వెనక అంటించు. టైమర్ రెండూ యాభై ఐదుకి. ఒకసారి నొక్కితే ఆగదు. బొమ్మ మాడి మసైపోతుంది, పక్కవాడి మీసం కూడా కాలదు. లోపల మనస్విని సాయం చేస్తుంది."

"ఆమె వాళ్ళ మనిషి గద సార్?"

"వాళ్ళ మనిషే. మన మనిషి కూడా."

విఠల్ డబ్బా జేబులో వేసుకున్నాడు. "గా పేర్లు బయటికెట్ల పోయినయ్? ఎరుక ఉన్నది ముగ్గురికే గద."

"అదే నాకూ అంతుపట్టడం లేదు. నాకు తెలుసు, నీకు తెలుసు. పాండురంగం చచ్చి తొమ్మిదేళ్ళయింది."

ఆ చావు రిపోర్టు రాసింది విఠలే. 1997, యూరప్‌లోని ఆంట్వర్ప్. ఫ్రేములు కట్టే దుకాణం పేరుతో ఇద్దరూ కాపురమున్న సెల్లార్‌కు నిప్పంటుకుంది. కాగితాలు ముందు, మనుషులు తర్వాత, ఇనుప తలుపు మూసెయ్ అని ఆర్డర్. కాగితాలు చంకలో పెట్టుకుని విఠల్ గడియ వేశాడు. లోపల పాండురంగం ఉన్నాడని తెలిసే వేశాడు. తలుపు మీద దబదబ బాదిన చప్పుడు మెట్లెక్కేదాకా వినబడింది. ఆ తర్వాత కూడా వినబడుతూనే ఉంది. నేటికీ కొట్టు షట్టరు తను దించడు, పక్కనున్న టేకవే హోటలతన్ని బతిమాలి దింపించుకుంటాడు. ఇనుము కిర్రుమంటే చాలు, ఒంట్లో ప్రాణం ఉండదు.

*

పదకొండింటికి నీలం ఓవరాల్స్ తొడుక్కుని, ఫ్రేములు బాగుచేసే వడ్రంగిలా ఆక్షన్ హౌస్ వెనక గదిలోకి వెళ్ళాడు. మనస్విని అక్కడే ఉంది. నల్ల కోటు, ఎర్ర లిప్‌స్టిక్, ముత్యాల దండ. కాకినాడ పిల్ల, లండన్ చదువు. ఆమె నవ్వితే ఎవరి జీతానికి నవ్వుతుందో ఆమెకే తెలియాలి.

"పది నిమిషాలే టైముంది విఠల్ గారూ. కానివ్వండి."

బొమ్మ గోడవైపు తిరిగి ఉంది. విఠల్ డబ్బా అంటించి నొక్కాడు. ఎర్ర దీపం వెలిగింది. కాన్వాసు మడతపెట్టిన అంచున తొలిపూత పెచ్చు లేచి, వేలికి తెల్లపొడి అంటుకుంది. ఎందుకో తడిచేసి రుద్దాడు. జిగటగా సాగింది. వాసన చూశాడు. నాలుక మీద పెట్టుకున్నాడు.

చింతగింజల గంజి.

యూరప్‌లో ఏ చిత్రకారుడూ కాన్వాసుకు అది పూయడు. కుందేలు తోలు ఉడికించిన జిగురు వాడతారు. చింతగింజలు నానబెట్టి, రుబ్బి, ఉడికించి గుడ్డకు పూసేది పటాలు గీసే చేర్యాల నకాషీలు. ఆ ఇంట పుట్టినవాణ్ణి విఠల్ ఒక్కణ్ణే ఎరుగును. "గా కుందేలు తోలు నేను ముట్టరా! రెంబ్రాంట్ తాత దిగొచ్చినా ముట్ట" అని ఆంట్వర్ప్‌లో గింజలు ఉడకబెట్టి దుకాణమంతా కంపు చేసిన పాండురంగం.

బొమ్మను ఇటు తిప్పాడు. తలపాగా కింద చీకట్లోంచి పాండురంగం ముఖం చూస్తోంది. తొమ్మిదేళ్ళు ముదిరిన ముఖం. బుగ్గ జారింది, కళ్ళ కింద సంచులు. అద్దం ముందు కూర్చుని, దాపరికం లేకుండా గీసుకున్నాడు.

"ఎవరు గీసిండ్రు దీన్ని?"

"ఎవరో ముసలాయన. స్టూడియో వాళ్ళు ఇల్లు కదలనివ్వరు. ఎడం చెయ్యంతా కాలిన మచ్చలు. ఏం, అలా అయిపోయారేమిటి?"

విఠల్ స్టూలు మీద కూలబడ్డాడు. బతికున్నాడు! సంతోషించాలో గుండెలు బాదుకోవాలో తెలియలేదు. బతికున్నవాణ్ణి పాతిపెట్టినట్టు తను కాగితం రాశాడు. వాడు కసితో పదిహేను పేర్లూ కక్కేశాడా? కక్కితే మాత్రం తప్పు పట్టే ముఖం తనకుందా?

"నేను గీ బొమ్మ లోపల చూడాలె. ఎక్స్-రే తియ్యాలె."

"మీకేమన్నా మతిపోయిందా? నా ఉద్యోగం పోతుంది!"

"ఏ ఉద్యోగం? నీకు రెండున్నయ్ గద."

మనస్వినికి నవ్వాగలేదు. కండిషన్ రిపోర్టు కోసమని రిజిస్టర్లో రాసి, బొమ్మను దుప్పట్లో చుట్టి కారెక్కించింది.

*

టకానినిలో రేసు గుర్రాల ఆసుపత్రి ఒకటుంది. అందులో నర్సుగా చేసే రుచిత వరంగల్ నుంచి చదువుకోవడానికొచ్చి సెటిలైన పిల్ల. విఠల్ కొట్లో సకినాలకు పర్మనెంట్ కస్టమర్.

"అంకుల్, గిది గుర్రాల కాళ్ళకు వాడే మెషీన్. ముసలాయన మొఖానికి ఎట్ల పెట్టాలె?"

"గుర్రమనుకొని పెట్టు బిడ్డా."

ప్లేటు స్క్రీన్ మీద తేలింది. "మూలకు గీ డబ్బా ఏంది అంకుల్?" అంది రుచిత. అతనికి వినబడలేదు. ముఖం మాయమై, దాని వెనక చీకట్లోంచి తెల్లని అక్షరాలు పైకి వస్తున్నాయి. మొదటి పేరు వీరేశం.

వీరేశం పోయి పదకొండేళ్ళయింది. అస్థికలు కృష్ణలో కలిపింది విఠలే. రెండోది వెంకటస్వామి, పరాయి దేశపు జైల్లో పోయాడు. మూడు, నాలుగు, ఐదు... పద్నాలుగు దాకా అందరూ ఆంట్వర్ప్‌కు ముందే పోయినవాళ్ళే. ఏజెంటు చావు పేపర్లో పడదు, బయటివాళ్ళకు తెలిసే దారి లేదు. బతికున్న ఆ పదిహేను మందిలో ఒక్కడి పేరూ పాండురంగం రాయలేదు.

అడుగున ఒకటి మిగిలింది. విఠల్, ఆక్లాండ్.

"అయ్యో, మీ పేరుందే!" అంది మనస్విని.

ఆంట్వర్ప్ అయ్యాక ఇద్దరికీ ఆక్లాండ్ పోస్టింగే అని అప్పట్లోనే ఖాయమైంది. మరిచిపోలేదన్నమాట. చచ్చినవాళ్ళందరినీ రాసి వాళ్ళ పక్కన తనను కూర్చోబెట్టాడు. ఆ తలుపు మూసిన రోజే నువ్వు నాకు చచ్చావురా అంటున్నాడు.

తిరుగు దారిలో మోటార్‌వే మీద మనురేవా దగ్గర యాక్సిడెంట్. కార్లు చీమల్లా కదులుతున్నాయి. వెనక సీట్లోంచి దుప్పటి జారి పాండురంగం చూస్తున్నాడు. యేసును శిలువెక్కించే బొమ్మలో రెంబ్రాంట్ ఎక్కించేవాళ్ళ మధ్య తన ముఖమే పెట్టుకున్నాడని వాడోసారి చెప్పాడు. "పాపం చేసినోడు ఆడ నిలబడాలెరా, తప్పించుకోవద్దు" అన్నాడు. విఠల్ అద్దంలోకి చూడలేక కిటికీ దింపి వానలోకి ముఖం పెట్టాడు. కాలిపోనీ! పీడ విరగడవుతుంది.

*

రెండూ యాభైకి వెనక గది చేరారు. హాల్లో దీనికి ముందు వస్తువుకు వేలంపాట నడుస్తోంది.

"నాకొక్కటే బెంగ," అంది మనస్విని. "ఆ ముసలాయన. కొన్నవాళ్ళు ఊరికే నమ్మరండీ. పక్కనే ఉంది గనక ముందు ఆక్లాండ్ పేరు చెక్ చేసుకుంటారు. నిజమైతే ముసలాయనకు ఇంకో ఏడాది అన్నం పెడతారు. అబద్ధమైనా, బొమ్మ కాలిపోయినా, ఇక ఆయనతో పనేముంది వాళ్ళకి?"

విఠల్ గిరుక్కున తిరిగాడు.

శాపం కాదది! ముఠాను నమ్మించడానికి బతికున్న పేరు ఒక్కటి కావాల్సివచ్చింది. పదిహేను మందిలో ఎవణ్ణీ బలిపెట్టలేక, తనకు బాకీ ఉన్నవాడి పేరు రాశాడు. వాడు తిట్టడం లేదు. సాయం అడుగుతున్నాడు. విఠల్ ఫ్రేమును వెనక్కి తిప్పాడు.

"ఇంకెంత టైముంది?"

"రెండు నిమిషాలు. ఏం చేస్తున్నారు? ఆర్డర్ కాల్చమని కదా!"

"ఒకసారి కాలిస్తి. చాలు."

డబ్బా ఊడి రాలేదు. గోళ్ళు విరిగాయి. హాల్లో వేలం సుత్తి పడింది, తలపాగా ముసలివాడి నంబరు పిలిచారు. పోర్టర్ తలుపు తోస్తుండగా విఠల్ పళ్ళు బిగించి ఒక్క గుంజు గుంజాడు. చెక్క పెచ్చుతో సహా ఊడొచ్చింది. బ్రష్షులు కడిగే బకెట్లోకి విసిరాడు. నీళ్ళు బుస్సుమని లేచాయి, గదంతా పొగ.

"బ్రష్షులు మరగబెడుతున్నాం," అని మనస్విని ఇంగ్లీషులో చెప్పి, ముసలివాణ్ణి పోర్టర్ చేతుల్లో పెట్టి చక్కగా నవ్వింది.

ఐదు నిమిషాల్లో బొమ్మ అమ్ముడుపోయింది. గేటు బయట వానలో వీరరాఘవయ్య ఉగ్రనరసింహుడిలా నిలబడి ఉన్నాడు. విఠల్ చెప్పిందంతా విన్నాడు. వింటూ వింటూ మఫ్లరు విప్పి కళ్ళు తుడుచుకున్నాడు.

"మనవాళ్ళు పదిహేను మందీ క్షేమం. బాగుంది. మరి నీ మాటేమిటి? చెక్ చేసుకోవడానికి వచ్చేవాడు ఊరికే చూసి వెళ్ళడు. చంపుతాడు."

"చూద్దాం సార్. వచ్చినోడి వెంట పోతే పాండురంగం ఉన్న ఇంటికి తోవ దొరుకుతది."

"నా మాట విని వారం రోజులు కొట్టు మూసేసి ఎటైనా పో."

"ఇప్పుడు మూస్తే ఎట్ల సార్?" అన్నాడు విఠల్. "కొత్త గిరాకీ వచ్చేటట్టుంది."