నాలుగో గోడ బిగించాక

సినిమా సెట్‌లో గదికి మామూలుగా మూడు గోడలే ఉంటాయి. నాలుగోది కెమెరా కోసం వదిలేస్తారు. ఆ గదుల్ని నిజం గదుల్లా అలంకరించడం ఆమె పని. ఆమె చేయి పడిందంటే నిన్న బిగించిన ప్లైవుడ్ గోడకి కూడా నూరేళ్ళ వయసు వచ్చేస్తుంది.

ఈసారి డైరెక్టరుకి గది చుట్టూ కెమెరా తిప్పాలని బుద్ధి పుట్టింది. సరేనని నాలుగో గోడ కూడా బిగించారు. ఇక రాకపోకలకి ఒకటే దారి. ఎక్కడో కూలగొడుతున్న ఇంట్లోంచి ఆమె పట్టుబట్టి తెప్పించిన పాత తలుపు.

"అమ్మాయ్, ఆ తలుపు నాకెందుకో నచ్చలేదు. పంపించెయ్," అన్నాడు వడ్రంగి మేస్త్రీ.

"నువ్వు చేసినవి తప్ప నీకేవి నచ్చుతాయిలే బాబాయ్!" అని నవ్వేసిందామె.

మధ్యాహ్నం అందరూ భోజనాలకి వెళ్ళారు. బడి సెలవని వెంట తెచ్చుకున్న ఏడేళ్ళ కూతుర్ని ఆ తలుపు బయట కుర్చీలో కూర్చోబెట్టింది.

"కర్టెన్‌కి నాలుగు మరకలు పెట్టి వచ్చేస్తా బంగారం. కదిలావంటే వీపు విమానం మోతే!"

లోపలికి వెళ్ళి, గదిలో వేయించిన పాత మంచం పక్కన నిలబడి, టీ డికాషన్‌లో గుడ్డ ముంచి కర్టెన్ మీద అద్దుతోంది. వెనక తలుపు మెల్లగా మూసుకుంది. గాలికి కాబోలు అనుకుంది. అన్ని వైపులా మూసేసిన స్టూడియోలో గాలెక్కడిదని ఆ తరవాత తోచింది.

ఏదో వాసన... తడిసిన సున్నం, ఏళ్ళ తరబడి పెట్టెలో మగ్గిన బట్టలు. బయట జనరేటరు హోరు వినిపించడం లేదు. తలెత్తి చూసింది. ఈ సెట్‌కి పైకప్పు వేయలేదు, స్టూడియో లైట్లు కనిపించాలి. కనిపించలేదు. బూజు పట్టిన దూలాలు ఉన్నాయి.

గోడని తోసింది. ప్లైవుడ్ అయితే ఊగాలి. ఊగలేదు. సుత్తి తీసుకుని కొట్టింది. పెచ్చు రాలింది. లోపల ఇటుక...

పరుగెత్తి తలుపు లాగింది. రాలేదు. రెండు చేతులతో దబదబా బాదింది.

"అమ్మా, లోపల ఎవరో కొడుతున్నారు," అంది బయట కూతురు.

ప్రాణం లేచొచ్చింది. "నేనే బంగారం! మేస్త్రీ తాతని పిలుచుకురా!"

బయట ఇంకో గొంతు పలికింది. అది ఆమె గొంతే.

"ఎవరూ లేరు బంగారం. పద, ఇంటికెళ్దాం."

"దాంతో వెళ్ళకే! అది నేను కాదే!" గోళ్ళు విరిగేలా తలుపుని రక్కింది. చిన్న అడుగులు... పెద్ద అడుగులు... దూరమైపోయాయి.

నా బిడ్డని తీసుకుపోయింది. దేవుడా, నా బిడ్డని తీసుకుపోయింది. తలుపుకి తల ఆనించి కూలబడిపోయింది.

అప్పుడు... గదిలోనే... మంచం కింద ఏదో కదిలింది.

"అమ్మా," అని గుసగుసగా పిలిచింది కూతురి గొంతు. "వాళ్ళు వెళ్ళిపోయారా?"