గొంతులున్న దళం

భావనపాడు రేవులో మిట్టమధ్యాహ్నం కూడా మాట వినిపించదు. వలలు లాగేవాళ్లు, పెట్టెలు మోసేవాళ్లు, పడవలు నడిపేవాళ్లు అందరి చెవుల వెనకా పెసరగింజంత సహనాడి అనే పరికరం ఉంటుంది. పక్కవాడి ఉద్దేశం, అలసట, భయం పెదవి కదపకుండానే తెలిసిపోతాయి. ఒకే ఒంటికి మొలిచిన చేతుల్లా అందరూ కదులుతారు.

ఆ రోజు రేవు అధికారి లిఖిత ఎదుట పని అడుగుతూ నూకరత్నం నిలబడి ఉంది. హవల్దారుగా సైన్యం నుంచి తిరిగొచ్చిన మనిషి. మంచుకొండల మీద శత్రువు సహనాడులను కాల్చేసినప్పుడు, ఆమె దళంలోని ఆడవాళ్లు అరుపులతో, చేతి సైగలతో పోరాడి శిఖరాన్ని నిలబెట్టారు. వాళ్లకు ఇక మరో నాడి ఇమడదని వైద్యులు తేల్చేశారు. అప్పటినుంచి ఎక్కడికి వెళ్లినా పని లేదు.

"గౌరవం లేక కాదు రత్నం గారూ," అంది లిఖిత ఇబ్బందిగా. "మీ మనసు తెలియకపోతే పడవలో మిగతావాళ్లు బెదిరిపోతారు."

"నోరుంది కదమ్మా! ఏటి కావాలో సెప్తాను."

లిఖిత తల అడ్డంగా ఊపుతుండగానే రేవంతా ఒక్కసారిగా చెవులు పట్టుకుంది. సూర్యుడి మీద రేగిన తుఫాను భూమిని తాకింది. సహనాడులు మూగబోయాయి, వాటితో నడిచే యంత్రాలూ ఆగిపోయాయి. ఏరు సముద్రంలో కలిసే మొగ దగ్గర జనంతో వస్తున్న పెద్ద పడవ అలలకు అడ్డం తిరిగింది. సిబ్బంది ఒకరి ముఖాలొకరు చూసుకుంటూ కొయ్యబారిపోయారు.

"ఫర్జానా!" నూకరత్నం కేక రేవంతా మారుమోగింది.

ఐసు గిడ్డంగి నీడలో కూర్చున్న ఫర్జానా, అదే దళంలో పనిచేసిన మనిషి, పరుగున వచ్చింది. "తెప్ప నీళ్లలోకి తోసేద్దాం అక్కా!"

"నీలం సొక్కా! నిన్నే! తెడ్డు పట్టు. నీ పక్కోడినీ లాక్కురా!"

ఆ కుర్రాళ్లు ఉలిక్కిపడ్డారు, అయినా వచ్చారు. వాళ్లతో పాటు నూకరత్నమూ తెప్ప ఎక్కింది. తెప్ప ముందు భాగంలో నిలబడి ఫర్జానా చెయ్యెత్తితే ఆగడం, దించితే తెడ్లు లాగడం. పెద్ద పడవ దగ్గరపడింది. దాని ముక్కు మీద ఒక యువకుడు లంగరు గొలుసు వదలకుండా నిలబడిపోయాడు.

"నీ పేరేటి నాయనా?"

"సిం... సింహాద్రి."

"సింహాద్రీ! లంగరు ఒగ్గేయ్. నానున్నాను."

తన పేరు చెవిన పడేసరికి వాడి చేతులు కదిలాయి. లంగరు దిగింది. పడవ మెల్లగా తిరిగి అలకు ఎదురు నిలిచింది. విడతలు విడతలుగా అందరినీ ఒడ్డుకు చేర్చారు. చివరిగా దిగినది నూకరత్నమే.

సాయంత్రానికి సహనాడులు మళ్లీ పలికాయి. లిఖిత తడి ఇసుకలోనే ఆమె దగ్గరికి నడిచొచ్చింది. "ఈ రేవుకో రక్షక దళం ఏర్పాటు చేసి మీ చేతుల్లో పెడతాను. వస్తారా?"

"నానొక్కదాన్నే రాను. మా దళమంతా వస్తాది."

"రమ్మనండి!"

వచ్చారు. కొండల్లో పోరాడిన ఆడవాళ్లంతా ఆ రేవులో కొలువు తీరారు. రోజూ కాసేపు సహనాడులు తీసిపెట్టి జనం వాళ్ల దగ్గర పిలవడం నేర్చుకోసాగారు. ఏళ్లుగా ఒకే పడవలో తిరిగిన మొగుడూ పెళ్లాలు ఒకరి గొంతు ఒకరు కొత్తగా విని సిగ్గుపడ్డారు. అన్నీ తెలిసిన చోట పిలుపు కోసం మనిషి మొహం వాచి ఉంటాడని సహనాడిని చేసినవాళ్లెవరికీ తోచలేదు.

నూకరత్నం సారథ్యంలో దళం పడవ మొదటిసారి మొగ దాటుతుండగా తెడ్ల మధ్య నుంచి ఎవరో "హైలెస్సా!" అన్నారు. ఒడ్డు మొత్తం గొంతు కలిపింది.