బారెడు దూరం

నెలపేటలో తెల్లవారడం అంటూ ఏమీ ఉండదు. ఆరింటికి సొరంగాల్లో దీపాలు వాటంతట అవే వెలుగుతాయి. జనం దాన్నే తెల్లవారడం అనుకుంటారు. దీపాలు వెలిగిన కాసేపటికి గంటలు మొదలవుతాయి. గుడిగంటలు కావు, బడిగంటలూ కావు, పిల్లల మణికట్ల మీది గంటలు. బడికి బయల్దేరిన పిల్ల ఎదురింటి ముసలాయన పక్కనుంచి నడిస్తే ఒక గంట. మూల తిరిగినచోట ఊడ్చే మనిషి ఎదురైతే ఇంకో గంట.

"మీకు ఈ పాపతో వరస లేదు. బారెడు దూరం జరగండి" అని గంటలోంచి ఒక ఆడగొంతు మర్యాదగా చెబుతుంది.

చెప్పించుకున్న మనిషి గోడకి అతుక్కుపోతాడు. సొరంగం వెడల్పు రెండు బారలు. పిల్ల నడిమధ్యన నడిస్తే పెద్దవాళ్ళకి గోడ తప్ప వేరే చోటు లేదు. ఏడాది తిరక్కుండానే నెలపేట గోడలకి భుజాలంత ఎత్తున రంగు పోయింది.

ఈ గంటని తయారుచేసిన పారినాయుడు కూడా అందరిలాగే రోజూ గోడకి అతుక్కునేవాడు.

నెలపేట చందమామ మీద, నేల కింద తవ్విన ఊరు. ఆరువేలమంది జనం. సగానికి సగం పార్వతీపురం, సాలూరు వైపు నుంచి గనుల పనికి వచ్చినవాళ్ళు. ఊరికి ఒకటే ద్వారం. ద్వారం అవతల గాలి లేదు. భూమికి పోయే ఓడ రెండు నెలలకొకసారి వస్తుంది, అందులో ఎక్కే ప్రతి మనిషినీ తూకం వేసి మరీ ఎక్కిస్తారు. అలాంటి ఊళ్ళో పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠా ఉందని నమ్మించారంటే, నమ్మించినవాళ్ళని మెచ్చుకోవాలో నమ్మినవాళ్ళని తిట్టాలో తెలియదు.

జరిగింది ఇంతే. ఒక కుర్రాడు ఉతికిన బట్టల బండిలో దూరి నిద్రపోయాడు. వెచ్చగా ఉందట. ఒక పూట కనపడలేదు. సాయంత్రానికి వాడే లేచి ఆకలంటూ ఇంటికొచ్చాడు. కానీ ఈలోపు ఊళ్ళో ఉన్న ఒకే ఒక్క ఛానల్ 'నెలగళం'లో 'ముఠా' అనే మాట పడిపోయింది. పడిన మాటని ఎవరూ వెనక్కి తీసుకోరు. కుర్రాడు దొరికాడని ఒక్కసారి చెప్పి, ముఠా గురించి ఇరవై రోజులు చెప్పారు. దొంగ బొమ్మ కూడా గీయించి చూపించారు. తలకి శిరస్త్రాణం, ముఖానికి అద్దం, ఒంటికి తెల్లటి సూట్. చందమామ మీద బయటి పనికి వెళ్ళేవాళ్ళంతా అలాగే ఉంటారు.

"ఎత్తుకెళ్ళి ఎక్కడ పెడతాడండీ, జేబులోనా?" అని గనిలో పనిచేసే ఒకాయన ఛానల్‌కి ఫోన్ చేసి అడిగాడు. మర్నాడు ఆయన ఫోటో వేసి, 'ముఠాని ఎందుకు వెనకేసుకొస్తున్నాడు?' అని అడిగారు. తర్వాత ఇంకెవరూ ఫోన్ చెయ్యలేదు.

అప్పుడు ఊరి పాలకుడు దండపాణి, నెలపేట శాస్త్రశాలలో ఉన్న పారినాయుణ్ణి పిలిపించాడు. పారినాయుడు నిజానికి గనుల్లో మనుషుల ఆరోగ్యం కనిపెట్టే సెన్సర్లు చేసే మనిషి. పదిరోజుల్లో ఒక పట్టీ చేసి తెచ్చాడు. దానికి 'బెదురుగంట' అని పేరు పెట్టుకున్నాడు. పిల్లల నాడి, అరచేతి చెమట, గొంతులో వణుకు, ఈ మూడూ కలిపి కొలిచే సెన్సర్ అది. పక్కన ఉన్న మనిషిని చూసి పిల్ల నిజంగా బెదిరితేనే మోగుతుంది.

వందమంది పిల్లలకి కట్టి చూశారు. వారం గడిచినా ఒక్కటీ మోగలేదు.

"మోగలేదేమిటి?" అన్నాడు దండపాణి.

"బెదిరినవాళ్ళు లేరు కదండీ."

"మరి జనానికి నేనేం చెప్పాలి?"

"అదే చెప్పండి. పిల్లలు ఎవరికీ బెదరటం లేదు, మీరూ బెదరకండి అని."

దండపాణి అతనివైపు జాలిగా చూశాడు. "నాయుడుగారూ, మీకు యంత్రాలు తెలుసుగానీ జనం తెలీదు. మోగని గంట కడితే ప్రభుత్వం ఏమీ చెయ్యలేదంటారు. మోగాలి. రోజూ మోగాలి. మోగినప్పుడల్లా తల్లులు 'అమ్మయ్య, కాపలా ఉంది' అనుకోవాలి."

అలా పుట్టింది వరసగంట. పట్టీ అదే, లోపలి ప్రోగ్రామ్ వేరు. రక్తసంబంధం ఉన్నవాళ్ళ చెమటలో కొన్ని రసాయనాలు ఒకేలా ఉంటాయి. అవి పిల్లతో కలవని మనిషి బారెడు దూరంలోకి వస్తే గంట మోగుతుంది. అప్పటికీ జరక్కపోతే దగ్గర్లోని తలుపులన్నీ మూసుకుంటాయి. డాక్టర్లకీ పంతుళ్ళకీ ప్రభుత్వం వరస మంజూరు చేసింది. వరసని మంజూరు చెయ్యడం! పారినాయుడు తనకీ ఇమ్మని అడిగితే, చేసినవాడే మినహాయింపు అడిగితే బాగోదన్నారు.

ఎవరితోనైనా మాట కలిపితే ముందు వరస కలిపేసే జనం మనం. ఎక్కడివాడో తెలియకపోయినా బాబాయి అంటాం, పేరు తెలియని ఆవిణ్ణి పిన్ని అంటాం. పారినాయుడికి చందమామ మీద రక్తం పంచుకున్నవాళ్ళు ఒక్కరూ లేరు. పక్కింటి సత్యవేణి అతన్ని అన్నయ్యా అనేది. ఆవిడ కూతురు చినుకు మావయ్యా అనేది. ఐదేళ్ళ పిల్ల. వాన పడని ఊళ్ళో పుట్టిందని ఆ పేరు పెట్టారు. భర్త భూమి మీద ఉంటాడు, సత్యవేణి బయటి గనిలో యంత్రం నడుపుతుంది. ఆవిడ పనికి పోయిన పూటల్లో చినుకు పారినాయుడి బూట్ల మీద తన పాదాలు పెట్టి నిలబడేది. అతను రెండు చేతులూ పట్టుకుని నడిస్తే, ఇద్దరూ ఒక్క మనిషిలా నడిచేవాళ్ళు. చందమామ మీద బరువు తక్కువ కదా, ఒక్కో అడుగుకీ గాల్లోకి లేచేవాళ్ళు. దాన్ని 'ఏనుగు నడక' అనేది ఆ పిల్ల. బడి దాకా అదే నడక.

వరసగంట వచ్చిన రోజు అది ఆగిపోయింది. తను చేసిన యంత్రం తనని ఆ పిల్లకి దూరం చేసింది. చెయ్యనంటే ఇంకొకడు చేసేవాడులే అని మొదట్లో సర్దిచెప్పుకున్నాడు. తర్వాత ఆ మాట తనకే చిరాకు తెప్పించింది.

తోటగదిలో జరిగిన గొడవతో అంతా మారింది.

కూరగాయలు పెంచే పెద్ద హాలు అది. అన్ని మొక్కలకీ వెలుతురు అందాలని అరలన్నీ రంగులరాట్నంలా మెల్లగా తిరుగుతుంటాయి. పారినాయుడు గోంగూర కట్ట కోసుకుని తిరిగొచ్చేసరికి జనం గుండ్రంగా నిలబడి ఉన్నారు. మధ్యలో చినుకు. పాదం రెండు అరల మధ్య ఇరుక్కుంది. అర పైకి లేస్తోంది. పిల్ల కేకలు పెడుతోంది. ఆపే మీట పిల్ల తలపక్కనే ఉంది.

"ఏటి సూస్తన్నారు? మీట నొక్కండి!" అని అరిచాడు పారినాయుడు.

"నాకు వరస లేదండీ" అన్నాడు ఒకడు.

"వాళ్ళమ్మకి ఫోన్ చేశాం, వస్తోంది" అంది ఒకావిడ.

"అది గనినుంచి వచ్చీసరికి కాలుంటదేటమ్మా?"

ఇంకొకడు మాట్లాడకుండా వీడియో తీస్తున్నాడు. వాళ్ళు చెడ్డవాళ్ళేం కాదు. వాళ్ళ ముఖాల్లో కనపడింది భయం కూడా కాదు. తమ పని కాదని చట్టమే చెప్పినప్పుడు మనిషికి కలిగే ఒక రకమైన నిమ్మళం.

పారినాయుడు దూసుకుపోయాడు. గంట మోగింది. "మీకు ఈ పాపతో వరస లేదు. బారెడు దూరం జరగండి."

"నోర్ముయ్. నిన్ను సేసినోణ్ణి నానే."

"మీకు ఈ పాపతో వరస లేదు."

"నువ్వు సెప్పేటి నాకు!"

మీట నొక్కాడు. అర ఆగింది. పాదం లాగాడు. ఈలోగా హాలు తలుపులన్నీ ధడేల్‌మని మూసుకున్నాయి, దీపాలు ఎర్రగా మారాయి, గంట గొంతు పెంచింది. కాపలావాళ్ళు పక్కతలుపు తెరుచుకుని వచ్చి అతన్ని నేలమీద బోర్లా పడేశారు. చినుకు పాదానికి తోలు లేచిందంతే. కానీ ఆ పిల్ల పాదం వైపు చూసుకోలేదు. మణికట్టుని దూరంగా చాపి, అక్కడ మోగుతున్నదాన్ని చూస్తూ ఏడ్చింది.

సాయంత్రం నెలగళంలో శోభన్ అనే యాంకర్ ఊగిపోయాడు. "ముఠా నాయకుడు చిక్కాడు! ఇతనే గంట తయారీదారు! అతని చేతిలో గోంగూర కట్ట ఎందుకుంది?"

మర్నాడు సత్యవేణి దండపాణి ఆఫీసుకి గని బట్టల్లోనే వచ్చేసింది. పారినాయుణ్ణి అప్పుడే విడిచిపెట్టారు, ఒక మూల కూర్చుని ఉన్నాడు.

"బాబూ, మా గుంటకి గంట కట్టారు. గొడ్డుకి కట్టినట్టు కట్టారు. సరే అన్నాను. పన్నెండు మంది సుట్టూ నిలబడి నా గుంట కాలు ఇరిగిపోతంటే సూసినారు. వచ్చినోడు ఒక్కడు, ఆణ్ణి బొక్కలో ఏసినారు. మీకు బుర్రలున్నాయా, ఆటికీ గంటలే కట్టుకున్నారా?"

"అమ్మా, చట్టం..."

"సట్టం మీ ఇంట్లో పెట్టుకోండి. ఈ గంట ఒగ్గీయమనండి."

గంట తీసెయ్యడం దండపాణి వల్ల అయ్యే పని కాదు. తీశాక ఏ పిల్ల బట్టల బండిలో నిద్రపోయినా అతని ఉద్యోగం పోతుంది. కానీ సత్యవేణి అరుస్తున్న వీడియో అప్పటికే నెలగళానికి చేరింది. శోభన్ ఈసారి కళ్ళు తుడుచుకుంటూ 'తల్లి కడుపుకోత' అన్నాడు. నిన్న ముఠా నాయకుడన్నవాణ్ణి ఈరోజు మావయ్య అన్నాడు. జనం కూడా అన్నారు. వాళ్ళకి రెండు రోజులూ ఒకేలాంటి ఉత్సాహం.

"నాయుడుగారూ, మీ పాత గంట ఉంది కదా, బెదిరితేనే మోగేది" అన్నాడు దండపాణి. "దాన్నే పెడదాం. అందరి ఎదటా, లైవ్‌లో. మీరే వెళ్ళి ఆ పాపని ఎత్తుకోండి. మోగదు. అందరూ చప్పట్లు కొడతారు. అక్కడితో గొడవ సద్దుమణుగుతుంది."

పారినాయుడు చాన్నాళ్ళ తర్వాత నవ్వాడు. చినుకు తనకి బెదరడమేమిటి!

రెండు రోజులు కూర్చుని ప్రోగ్రామ్ మార్చాడు. సెన్సర్లన్నీ మళ్ళీ సరిచూశాడు. తన చేతికి కట్టుకుని చూశాడు, సత్యవేణి చేతికి కట్టి చూశాడు. తప్పు పోవడానికి వీల్లేదు.

ఊరి నడిబొడ్డున ఉన్న చావడిలో జనం కిక్కిరిశారు. మధ్యలో ఖాళీ వదిలారు. సత్యవేణి కూతుర్ని దింపి, "మావయ్య దగ్గిరికి ఎల్లమ్మా, మోగదులే" అంది. పారినాయుడు ఎదురుగా మోకాళ్ళ మీద కూర్చున్నాడు. గడ్డం గీసుకున్నాడు. పాత బూట్లు తుడిచి వేసుకున్నాడు.

"రాయే చినుకూ. ఏనుగు నడక నడుద్దాం."

చినుకు నవ్వింది. పరుగెత్తబోయింది. "మావయ్యా" అంది. ఆ గొంతులో వణుకు లేదు. ఇంకొక్క అడుగు వేస్తే బారెడు దూరంలోకి వస్తుందనగా, ఆ అడుగు నెమ్మదయింది.

గంట మోగింది.

దండపాణి వంగి చెవిలో, "చెడిపోయిందా? చెడిపోయిందని చెప్పెయ్యండి" అన్నాడు.

"లేదండీ" అన్నాడు పారినాయుడు. "బాగానే పనిచేస్తోంది."

అతనికి అర్థమయింది. పిల్ల తనని చూడటం లేదు. తన మణికట్టుని చూసుకుంటోంది. ఏడాదిగా ఎవరు దగ్గరికి వచ్చినా మోగిన గంట, ఇప్పుడూ మోగుతుందేమోనని ఆ పిల్లకి బెదురు. ఆ బెదురుని గంట పట్టుకుని మోగింది. మోగిందని పిల్ల ఇంకా బెదిరింది. అందుకని గంట ఇంకా గట్టిగా మోగుతోంది. సెన్సర్‌లో తప్పు లేదు. ఒక్కసారి కూడా మోగని గంటని ఏడాది మోగించి, చివరికి నిజం చేశారు.

ఈ సంగతి జనానికి ఎలా చెప్పాలి? ఏ మాటతో మొదలుపెట్టాలి? శోభన్ అప్పటికే కెమెరావైపు తిరిగాడు. "చూశారా! పసిమనసుకి తెలుస్తుంది! ముఠా ఇంకా ఉందని మేం మొదటినుంచీ చెబుతూనే ఉన్నాం!"

పిల్ల పెదవులు వణుకుతున్నాయి. పారినాయుడు ఇంకేమీ ఆలోచించలేదు. లేచి, అలవాటు ప్రకారం బారెడు దూరం వెనక్కి జరిగాడు.

గంట ఆగిపోయింది.

చావడి చప్పట్లతో మారుమోగింది. యంత్రం పనిచేసింది. దండపాణి ముఖం వెలిగింది, నలుగురితో చేతులు కలిపాడు. తల్లులు పిల్లల్ని దగ్గరికి లాక్కున్నారు.

ఆ సందడిలో ఎవరూ చినుకుని చూడలేదు. ఆ పిల్ల కుడి అరచేతిని గంటమీద పెట్టి, వేళ్ళు తెల్లబడేలా నొక్కిపట్టింది. పళ్ళు బిగించి, పాదాలు రెండూ దగ్గరగా జోడించి నిలబడింది.

"మావయ్యా, దీని నోరు మూసేసినాను. బేగి రా."