మీట మీద పలకరింపు

"పోయిన మా ఆవిడ రోజూ సాయంత్రం రేడియోలో పిలుస్తోందండీ," అన్నాడు పెద్దాయన, కూర్చోకుండానే.

అసిస్టెంటు చేతిలో కాఫీ తొణికింది. నలభై దాటినా అతన్ని అందరూ తోక అనే పిలిచేవారు, డిటెక్టివ్ మేడమ్ ఎటు వెళ్తే అటు వెళ్తాడు కనక. మేడమ్ మాత్రం తొణకలేదు.

"కూర్చోండి. ఏమని పిలుస్తోంది?"

పెద్దాయన గడియారాలు బాగుచేస్తాడు. ఆయనా భార్యా ఒకే బెంచీ మీద పరీక్ష రాసి హామ్ రేడియో లైసెన్సులు తెచ్చుకున్నారు. అక్కడ మొదలైన స్నేహం పెళ్లిదాకా వచ్చింది. ఆ తర్వాత కూడా ఒకరినొకరు నువ్వు అనే పిలుచుకున్నారు. మీట మీద టకటకా మోర్సు సంకేతాలు కొడుతూ ఊరూరి వాళ్లతో కబుర్లాడేవారు. ఆవిడ పోయి ఏడాదైంది. ఇప్పుడెవరో రేడియోలో ఆవిడ గుర్తింపు పేరైన కాల్ సైన్‌తో, ఇంగ్లీషు అక్షరాల్లో ఒకే తెలుగు మాట కొడుతున్నారు: "తిన్నారా?"

"జవాబిచ్చారా?"

"లేదండీ, భయమేసి సెట్టు కట్టేశాను. ఎలాగూ ఈ నెలాఖరుకి నా లైసెన్సు గడువైపోతుంది. రెన్యూ చేయించకపోతే నా కాల్ సైనూ పోతుంది. పోనివ్వండి, నేనింకెవరితో మాట్లాడాలి?"

ఆ మాటకి తోక మనసు కలుక్కుమంది. అతనూ అద్దెగదిలో ఒక్కడే తిని పడుకునేవాడు.

"సిగ్నల్ ఎలా ఉంది?" అంది మేడమ్.

"చెవులు చిల్లులు పడేటంత గట్టిగా."

"అయితే మీ ఇంటికే వెళ్దాం పదండి."

పై వాటాలో పెద్దాయన చిన్ననాటి స్నేహితుడు, తంతి గుమాస్తాగా రిటైరైనవాడు. మోర్సు వచ్చినవాడు కనిపించగానే తోక కేసు తేలిపోయిందనుకున్నాడు. "ఏరా, దయ్యాన్ని పట్టడానికి వీళ్లని తెచ్చావా?" అని నవ్వాడు గుమాస్తా.

కొడుకు విసుక్కున్నాడు. "నాన్నా, నువ్వు తిండి మానేసి ఆ గదిలో కూర్చుంటే ఇలాంటివే వినిపిస్తాయి."

కోడలు కాఫీ తెచ్చింది. "మీరు కూడా తీసుకోండి మావయ్యగారూ."

"నీకు మోర్సు వచ్చామ్మా?" అంది మేడమ్.

"అయ్యో, వంటింట్లో ఉండేదాన్ని, నాకెందుకండీ."

మేడమ్ ఆ వంటింట్లోకే వెళ్లింది. పొయ్యి గట్టుకి అటూ ఇటూ, ఎదురెదురుగా, రెండుచోట్ల చెక్క అంచు సొట్టలు పడి ఉంది. తోకని వేలితో తడిమి చూడమంది. అతనికి ఏమీ అర్థం కాలేదు, అయినా తలూపాడు.

తర్వాత అందరినీ ముందుగదిలో కూర్చోబెట్టింది.

"అంత గట్టి సిగ్నల్ ఈ ఇంట్లోంచే రావాలి. ఎవరు కొట్టారో ఆ మాటే చెప్తోంది. పెద్దావిడైతే 'తిన్నావా' అనేది. స్నేహితుడు ఏరా అంటాడు, కొడుకు నువ్వంటాడు. దొంగతనంగా మీట కొడుతూ కూడా 'మీరు' అనకుండా ఉండలేనిది ఈ ఇంట్లో ఒక్కరే."

కోడలి కళ్లు నిండాయి.

"అత్తయ్యే నేర్పారండీ. కూరలో ఉప్పెక్కువైందని నలుగురి ముందూ చెప్పలేక, చెరోవైపు నిలబడి గరిటెలతో గట్టు మీద మోర్సు కొట్టి చెప్పుకునేవాళ్లం. ఆవిడ సెట్టు అటక మీద ఉంది. మావయ్యగారు మాతో మాట్లాడటం మానేశారు. ఆవిడ పిలిస్తేనైనా పలుకుతారేమో అనుకున్నాను. లైసెన్సు కూడా వదిలేస్తే ఇక ఎవరికీ పలకరని భయమేసింది."

"ఉద్దేశం మంచిదే, పని నేరం," అంది మేడమ్. "పోయినవాళ్ల కాల్ సైన్ ఎవరూ వాడకూడదు. ఆ సెట్టు ఇంక ముట్టుకోకు. పరీక్ష రాసి నీ లైసెన్సు నువ్వు తెచ్చుకో."

పెద్దాయన జేబులోంచి నలిగిన రెన్యువల్ ఫారం తీసి, మోకాలి మీద పెట్టి మడతలు సాపుచేసుకున్నాడు. కొడుకు పెన్ను ఇచ్చాడు. ఆయన సంతకం పెట్టి, పెన్ను మూతతో కాఫీ గ్లాసు మీద టకటకా ఏదో కొట్టాడు. కోడలు కొంగుతో కళ్లు ఒత్తుకుంటూ వంటింట్లోకి పరిగెత్తింది.

"ఏమన్నారండీ?" అని తోక గుమాస్తాని అడిగాడు.

గుమాస్తా వంటింటి వైపు చూశాడు. "'ఇంకా తినలేదమ్మా' అన్నాడు."