ఇస్మాయిల్ వచ్చిండమ్మా!

చెల్లెలు షాగుఫ్తా పంపిన వీడియోను సర్దార్ బీ తన ఫోన్‌లో తెరిచింది. అందులో కన్నకూతురు ఉమేరా స్టేజీ మీద నిలబడి ఉంది... వెనక తెర మీద భర్త ఇస్మాయిల్ పాత సామాన్ల బండి. స్పీకర్లలోంచి అతని కేక: "పాత ఫ్యాన్లు, పాత కూలర్లు, పాత ఇనుము... ఇస్మాయిల్ వచ్చిండమ్మా!" ఆ కేకకు జనం విరగబడి నవ్వుతున్నారు! అర నిమిషం వీడియో. ఆ తల్లి గుండె మండిపోవడానికి అది చాలు.

ఆ గొంతు ఎవరిది? రెండేళ్ళ కిందట ఆపరేషన్‌తో మాట పోగొట్టుకున్న మనిషిది! అంతకు ముందెప్పుడో బండికి కట్టే మైకు డబ్బాలో నింపుకున్న ఆ ఒక్క కేకే మిగిలింది. ఇప్పటికీ రెజిమెంటల్ బజార్ నుంచి మారేడ్‌పల్లి దాకా బండి నెడుతూ, మీట నొక్కి, ఆ కేకతోనే ఇల్లు నడుపుతున్నాడు. ఉమేరాది పగలు ఒక ఆఫీసులో బొమ్మలు గీసే ఉద్యోగం. ఆదివారాలు జోకులు చెబుతుంది. తాను గీసిన కదిలే బొమ్మల్ని, వీధుల్లో పోగేసిన చప్పుళ్ళను ఆ జోకులకు జతచేస్తుంది. ఏదో పిల్ల సరదా అని ఇన్నాళ్ళూ ఊరుకుంది తల్లి.

"మీ బాబా తక్లీఫ్ నీకు తమాషా అయిందా? ఇయ్యాల ఆ స్టేజీ ఎక్కినవంటే నువ్వు నా బిడ్డవే కాదు" అంది, ప్రదర్శనకు బయల్దేరుతున్న కూతురితో.

ఉమేరా కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "ఒక్కసారి వచ్చి మొత్తం చూడు అమ్మీ... తర్వాత నువ్వేమంటే గదే" అంది. గంటసేపు తానొక్కతే చేసే మొదటి ప్రదర్శనట, టికెట్లన్నీ అయిపోయాయట, వాళ్ళిద్దరికీ మాత్రం చివరి వరసలో చోటు ఉంచిందట. తల్లి మొహం తిప్పుకుంది. పిల్ల ల్యాప్‌టాప్ సంచీని వీధి మలుపు దాకా మోసుకెళ్ళింది ఎవరనుకున్నారు? ఇస్మాయిలే! తిరిగొచ్చి ఏమీ ఎరగనట్టు నడుం వాల్చాడు కూడా. సర్దార్ బీకి ఇంకా ఒళ్ళు మండింది.

రేపటి నుంచి ఆ కేక విని ఏ బాల్కనీలోంచీ ఎవరూ నవ్వకూడదు, అంతే! మైకు డబ్బా ఒళ్ళో పెట్టుకుని, గొంతు నింపే ఎర్రమీట నొక్కి, కోపంగా చెప్పేసింది. "పాత సామాన్లు కొంటం. ఇస్మాయిల్ వచ్చిండు. నవ్వేటోళ్ళు ఇంట్లనే ఉండుండ్రి." పాత కేక పక్కనే ఇదీ చేరుతుందనుకుంది, పెట్టెలో చీర మీద చీర పెట్టినట్టు. వినడానికి మామూలు మీట నొక్కింది. తన గొంతే. ఇంకోసారి... తన గొంతే! ఆ డబ్బాలో ఒక్క కేకకే చోటని ఆమెకేం తెలుసు? ముప్పై ఏళ్ళు విన్న మొగుడి గొంతును తన చేత్తోనే తుడిచేసింది!

డబ్బాను గుండెకు హత్తుకుని ఏడ్చింది. ఫోన్‌లో వీడియో వేసి చూస్తే ఆ కేకను నవ్వులు మింగేశాయి. ఉమేరా ఫోన్ ఆపేసి ఉంది. ఏడుపు విని లేచొచ్చిన ఇస్మాయిల్‌కు సంగతి ఎలా చెప్పిందో ఆమెకే తెలియదు. అతను డబ్బాను ఆమె చేతుల్లోంచి తీసి పక్కన పెట్టాడు. తర్వాత ఆమె చెప్పులు తెచ్చి ఆమె కాళ్ళ ముందు పెట్టాడు.

ఉమేరా ప్రదర్శన మారేడ్‌పల్లిలో ఒక కాఫీ హోటల్ మేడమీది హాల్లో. ఇద్దరూ చివరి వరసలో కూర్చునేసరికి తెర మీద బండి కదులుతోంది. "ఇస్మాయిల్ వచ్చిండమ్మా!" ఆ గొంతు బతికే ఉంది! సర్దార్ బీ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. జనం నవ్వారు. షాగుఫ్తా పంపిన వీడియో అక్కడితో ఆగిపోయింది. ఉమేరా మాత్రం ఆగలేదు.

"గొంతు తీసెయ్యాలన్నడు డాక్టర్. మేం పాత సామాన్లోళ్ళం సార్, పనికొచ్చేది ఏదీ పడెయ్యం. మా బాబా గొంతును డబ్బాల పెట్టుకొని డ్యూటీ షురూ చేసిండు. నేను లేటుగ వస్తే తిట్టలేడు గదా... దర్వాజ కాడ నిలబడి మీట నొక్కుతడు. 'పాత ఫ్యాన్లు, పాత కూలర్లు!' సౌండ్ ఎంత పెద్దగుంటే కోపం అంత. నాకు నౌకరీ వచ్చిన్నాడు మాత్రం సౌండ్ జెర తక్కువ పెట్టి, నా చెవి కాడ పట్టుకున్నడు."

నవ్వుతున్న హాలు ఆ ఆఖరి మాటకు చప్పట్లు కొట్టింది. సర్దార్ బీ పక్కకు తిరిగి చూసింది. ఇస్మాయిల్ భుజాలు ఎగిరేలా నవ్వుతున్నాడు, చప్పుడు లేకుండా, చెంపల మీద నీళ్ళు కారుతుండగా... ఆపరేషన్ తర్వాత అతను ఇలా నవ్వగా ఆమె చూడలేదు. ఎగతాళి చేసిందనుకున్న బిడ్డే ఆ గొంతును తనకన్నా భద్రంగా దాచిందని అప్పుడర్థమైంది ఆమెకు.

హాలు ఖాళీ అయ్యాక కూతుర్ని పట్టుకుని వెక్కివెక్కి ఏడ్చింది. చేసిన తప్పు చెప్పుకుంది.

"పరేషాన్ గాకు అమ్మీ, బాబా గొంతు నా దగ్గర ఐదు చోట్ల ఉంది. డబ్బాల మళ్ళ నింపుతా" అంది ఉమేరా.

ఇస్మాయిల్ వద్దని చెయ్యి ఊపాడు. తన గొంతు మీద వేలు పెట్టుకుని స్టేజీ చూపించాడు. తర్వాత భార్య గొంతు వైపు చూపించి, బండి నెడుతున్నట్టు చేతులు ఆడించాడు. తల్లీకూతుళ్ళకు వేరే చెప్పనక్కర్లేకపోయింది.

"వచ్చే ఆదివారం ఏడ చేస్తున్నవ్ బిడ్డా?" అనడిగింది సర్దార్ బీ కళ్ళు తుడుచుకుంటూ. ఏ.ఎస్. రావు నగర్‌లోనట. ముందు వరసలో రెండు కుర్చీలు ఆపమంది.

మర్నాడు పొద్దున బండి గుమ్మం దాటగానే ఇస్మాయిల్ మీట నొక్కాడు. "నవ్వేటోళ్ళు ఇంట్లనే ఉండుండ్రి" అని సర్దార్ బీ గొంతు గద్దించింది. వీధి వీధంతా నవ్వుతూ బయటికొచ్చింది, పాత ఫ్యాన్లు చేతపట్టుకుని! గడపలో నిలబడి విన్న సర్దార్ బీ కొంగు చాటున తానూ నవ్వేసింది.