గోడనీడ

ఫాల్గుణ మాసపు ఎండలో దూరం నుంచి చూసే బాటసారికి గండ్రగిరి దుర్గం కొండ మీద కట్టిన కోటలా కాక, కొండే లేచి కోటగా కూర్చున్నట్టు కనబడేది. ఏడు బురుజులు, రెండు సింహద్వారాలు, నడినెత్తిన రాయి తొలిచిన పెద్ద దొన, ఆ దొన నిండా వానకాలంలో పట్టి ఉంచిన చల్లని నీరు, కొండ పాదాన కోటగోడకు వెలుపల సంతలతో కళకళలాడే పేట. మూడు తరాల్లో నలుగురు రాజులు ఆ కోట మీదికి వచ్చి, డొక్కలెండిన గుర్రాలతో వచ్చిన దారినే పోయారు. అయిదోవాడు బయలుదేరాడనీ, వాడికోసం లోపలినుంచే దారి సిద్ధమవుతోందనీ ఆ ఫాల్గుణంలో ఒక్క మనిషికే తెలుసు.

ఆ కోటకు రాతికన్నా గట్టి బలం ఇంకొకటుండేది. కొలువులో చేరిన ప్రతి బంటుకూ మూడు ముట్టేవి. నెలకింతని మాడల్లో జీతం, రోజుకింతని గింజల్లో బత్తెం, మూడోది గోడనీడ. గోడనీడ అంటే ఇల్లు. ఏ బంటు గోడలో ఏ వరసకు కావలి కాస్తాడో సరిగ్గా దాని అడుగునే, లోపలివైపు, వాడి ఇల్లు. ఒంటిగాడికి ఒక గది, ఆలుబిడ్డలున్నవాడికి రెండు గదులూ వసారా, బురుజు నాయకుడికి పెరడు కూడానూ. గోడ మీద ప్రాణం విడిచినవాడి ఇల్లు వాడి భార్య బ్రతికున్నంతకాలం ఆమెదే. పున్నమినాడు జీతాల కొలువులో కరణం పేర్లు చదివేటప్పుడు చచ్చినవాడి పేరూ చదివేవాడు. బ్రతికున్న బంటు “గోడ మీదున్నాను” అని పలికితే, చచ్చినవాడి తరఫున ఇంటి ఇల్లాలు “గోడ మీదున్నాడు” అని పలికేది. పలికితేనే బత్తెం కొలిచేవారు.

చూడబోతే ఇది బీదసాదల ఏర్పాటే. ఆ ఇళ్లలో గాలాడదు, కప్పు వంగి నడవాలి, బురుజు మీద గుర్రం కాలు దువ్వితే కింద ఉట్టిలో పెరుగు తొణికేది. అయినా ముట్టడి వచ్చిన ప్రతిసారీ ఆ ఇళ్ల ఆడవాళ్లే రాళ్లందించారు, గంజి కాచి గోడమీదికి ఎక్కించారు. అన్నిటికీ మించి, ఇత్తడి పళ్లెంలో గుప్పెడు ఆవాలు పోసి నేలమీద పెట్టేవారు. శత్రువు గోడ కింద సొరంగం తవ్వుతుంటే ఆ గింజలు వణికేవి. పోయిన ముట్టడిలో కోటను కాచింది కత్తి కాదు, ఆవగింజ.

ఆ సంగతి కాటభూపతి మరిచాడు. ముప్పై ఏళ్లకే పట్టమెక్కినవాడు, లెక్కలు చక్కగా చెప్పేవాడంటే నమ్మేవాడు. లెక్కలు చెప్పడంలో విద్దన ప్రెగడను మించినవాడు ఆ సీమలో లేడు. మంత్రిపీఠం మీద పన్నెండేళ్లుగా కూర్చున్న ఆ విద్దన ఒకనాడు నిండుకొలువులో లేచి, గోడ వెంట ఉన్న మూడువందల ఇళ్లూ కూలిపోయేలా ఉన్నాయనీ, వాటిని ధాన్యపు కొట్లుగా మార్చితే కోటకు రెండేళ్ల తిండి నిలవ ఉంటుందనీ, బంట్లకు ఇంటికి బదులు నెలనెలా ఇంటిబాడుగ రొక్కంగా ఇస్తే వాళ్లు పేటలో గాలీ వెలుతురూ ఉన్న ఇళ్లలో సుఖపడతారనీ విన్నవించాడు. ఒంటిగాడికి ఒక మాడ, సంసారికి రెండు, బురుజు నాయకుడికి నాలుగు. వినడానికి ఎంత బాగుందో చూడండి. తేనె పూసిన కత్తి నాలుకకు ముందు తీపే తగులుతుంది.

బంట్లు ఎదురుతిరగకుండా ఆ మాట చెప్పవలసినవాడు దండనాయకుడు మేచయ నాయకుడు. పాపం, ఆయన చెప్పాడు కూడా. యాభై దాటిన మనిషి, భార్యలేదు, పిల్లల్లేరు. ముప్పై ఏళ్లుగా తనకు రావలసిన గోడనీడ ఏనాడూ తీసుకోక దక్షిణపు బురుజు మీది పాకలో డాలు తలకింద పెట్టుకుని పడుకునేవాడు. ఇల్లంటే ఆయనకు నాలుగు గోడలు, ఒక కప్పు. రెండు మాడలు ఎక్కువే అనిపించింది. ఆయన మాట మీద మూడువందల కుటుంబాలు కుండలూ చాపలూ ఎత్తుకుని నవ్వుకుంటూ పేటకు దిగిపోయాయి.

ఒక్క ముప్పమ దిగలేదు. ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అన్నారు అందరూ. ఆమె మొండితనం కాదది. ఆమె భర్త పోయిన ముట్టడిలో దక్షిణపు గోడ మీద పోయాడు. కొత్త కట్టడిలో బాడుగ కొలువుచేసే బంటుకే గాని, చచ్చినవాడి భార్యకు దమ్మిడీ రాసిలేదు. ఇల్లు విడిస్తే ఆమెకు చెట్టునీడే గతి. విద్దన మనుషులు తాళం పట్టుకుని వస్తే ఆమె గడపలో అడ్డంగా కూర్చుంది. మేచయ నాయకుడు వచ్చి, ఈ ఒక్క ఇంటి జోలికి పోవద్దని వాళ్లను పంపేశాడు. మిగిలిన ఇళ్లన్నిటికీ రాజముద్ర పడింది.

చైత్రంలో పడమటి రాజు దండు వచ్చింది. రావడమే పేటమీద పడింది. జనం అడవి పట్టి పారిపోయారు, ఎవరు బ్రతికారో ఎవరు పోయారో తెలియదు. పేట మూడురోజులు కాలింది. గోడ మీద బంట్లు ఆ పొగను చూస్తూ నిలబడ్డారు. ఏ పొగ ఎవరి ఇంటిదో పోల్చుకోవడానికి ప్రయత్నించి, చివరికి మానేశారు. వైశాఖ పున్నమికి జీతాల కొలువు జరిగినప్పుడు బాడుగ ఇవ్వలేదు. అడిగితే ప్రెగడ సెలవిచ్చినదేమంటే, పేటలో ఇళ్లు కాలిపోయినవి గనుక బంట్లు ఇప్పుడు ఎవరి ఇంటిలోనూ లేరు, ఇల్లే లేనివాడికి బాడుగ ఎందుకని. ఆ మాట విన్ననాటినుంచి బురుజుల మీద పాటలు ఆగిపోయాయి.

జ్యేష్ఠంలో ఒక మిట్టమధ్యాహ్నం, కావలి మారే వేళ, ముప్పమ దక్షిణపు బురుజు మెట్లెక్కి వచ్చింది. అరవై ఏళ్ల ముసలిది, ఎన్నడూ ఆ మెట్లెక్కనిది. చేతిలో పళ్లెం.

“నాయకా, నా పక్కిళ్లలో ఎవరూ లేరు గదా. మరి మూడురోజులుగా దంచుతున్నదెవరు?”

మేచయ నాయకుడు ఆమె వెంట దిగివచ్చి నేలకు చెవి ఆన్చి పడుకున్నాడు. రోకటిపోటుకు ఒక లయ ఉంటుంది; కింద వినబడేదానికి లేదు. పళ్లెం నేల మీద పెడితే ఆవాలు అంచుకు చేరుకుని చీమల్లా కదులుతున్నాయి. ఆయన లేచి, పక్కింటి తాళాన్ని రాజముద్రతో సహా గొడ్డలితో పగలగొట్టాడు. లోపల కప్పు దాకా బస్తాలు. ఒకదాన్ని కత్తితో చీలిస్తే బయటపడింది ఊక. రెండోది, మూడోది అన్నీ ఊకే. వాటి వెనక నిలువెత్తు గొయ్యి, గొయ్యి అడుగు గోడ కిందికి వంగి పోయింది. అవతలినుంచి శత్రువు తవ్వుతున్నాడు, ఇవతలినుంచి ఇంటిదొంగ ముందే తవ్వి ఉంచాడు. నడుమ మట్టి పొర మూర కూడా లేదు. ఆవలి మనుషుల దగ్గు వినబడుతోంది. కంచే చేను మేసిందని ఆయనకు అప్పటికి గాని అర్థం కాలేదు.

గుప్పెడు ఊక పట్టుకుని ఆయన కొలువుకు వెళ్లాడు. చెప్పవలసినదంతా చెప్పాడు. విద్దన ప్రెగడ కనురెప్ప కదపలేదు. బాడుగ అందని బంట్లే ధాన్యం తిని ఊక నింపి ఉంటారనీ, గొయ్యి పాతర కోసం తవ్వించినదనీ, అన్నిటికన్నా ముఖ్యం, రాజముద్ర పగలగొట్టినవాడు ఎంతటివాడైనా ద్రోహేననీ మెల్లగా విన్నవించాడు. కాటభూపతి ఇద్దరి ముఖాలూ చూశాడు. లెక్క చెప్పేవాడి ముఖం ప్రశాంతంగా ఉంది, చెమటతో ధూళితో వచ్చినవాడి ముఖం భయంకరంగా ఉంది. రాజు ప్రశాంతంగా ఉన్న ముఖాన్నే నమ్మాడు. మేచయ నాయకుడి పేరు కొలువు పట్టీలోనుంచి కొట్టివేయమనీ, జీతమూ బత్తెమూ గోడనీడా రద్దనీ, పొద్దుగూకేలోగా కోట విడిచి పొమ్మనీ ఆజ్ఞ అయింది.

మేచయ నాయకుడు నడుము పట్టీ విప్పి, కత్తితో సహా సింహాసనం మెట్టు మీద పెట్టాడు.

“దేవరా, ముప్పై ఏళ్లు తమ ఉప్పు తిన్నాను. ఈ నోటితో ఒక్కసారే తప్పు మాట పలికాను, అదీ తమ ఆజ్ఞగానే పలికాను. బంట్లను ఇళ్లు విడిచి పొమ్మన్నాను. ఇల్లెరుగనివాణ్ణి, రెండు మాడలకు గోడ పునాది అమ్ముతున్నానని తెలుసుకోలేకపోయాను. తమరు నా జీతం తీసివేయవచ్చు. ఆ మాట మాత్రం నాది, దాన్ని నేనే వెనక్కు తీసుకోవాలి. పొద్దుగూకేదాకా గడువిచ్చారు, నాకు అంత అక్కరలేదు.”

దక్షిణపు గోడ దగ్గర బంట్లు మూగి ఉన్నారు. వార్త వాళ్లకు ముందే చేరింది. బురుజు నాయకుడు గుండయ, పేటలో భార్యనూ ఇద్దరు కూతుళ్లనూ పోగొట్టుకుని వాళ్ల జాడ తెలియక కుమిలిపోతున్నవాడు, ఇక ఎవరి కోసం కాయాలి నాయకా, ద్వారం తీసి పోదాం పద అన్నాడు. ఎవరూ కాదనలేదు. మేచయ నాయకుడు వాళ్లందరికీ చేతులు జోడించాడు. దండనాయకుడు బంట్లకు చేతులు జోడించడం ఆ కోటలో ఎవరూ చూడలేదు.

“మీ ఇళ్లు మీరు విడిచింది ప్రెగడ లెక్క చూసి కాదు, నా మొహం చూసి. మీ ఆలుబిడ్డలు అడవిలో ఉన్నారో లేరో నాకు తెలియదు. ఉంటే, ఒకనాడు తిరిగివస్తారు. వచ్చేవాళ్లకు ఈ గోడ అడుగున ఒక్క గడపైనా మిగలాలి. అందుకు సాయం అడుగుతున్నాను. ఆజ్ఞాపించే అధికారం నాకు ఇప్పుడు లేదు.”

గుండయ కన్నీళ్లు తుడుచుకుని, ఏం చెయ్యాలో చెప్పమన్నాడు.

పని చిన్నదే. దొన తూము తీస్తే ఆ నీరు ఇళ్ల వెనక కాలువగుండా గోడ దాటి బయటికి పోతుంది. ఆ దారిని ఊకబస్తాలతో మూసివేస్తే నీరంతా గోతిలోకే తిరుగుతుంది. కాని నడుమ మట్టి పొర ఉన్నంతవరకు గొయ్యే నిండుతుంది, సొరంగానికి ఏమీ కాదు, శత్రువు వేరే చోట తవ్వుకుంటాడు. పొర కూలితేనే నీరు వాలు వెంట శత్రువు డేరాలదాకా పరుగెడుతుంది. పొర కూలిన క్షణానికీ నీరు వచ్చే క్షణానికీ నడుమ శత్రువులు పైకెక్కకుండా ఆ ఇరుకు నోటిలో ఒకడు నిలబడాలి. ఇద్దరు పట్టరు. నిలబడినవాడు తిరిగి రాడు.

గుండయ నేను దిగుతానన్నాడు. మేచయ నాయకుడు ఒప్పుకోలేదు. నీకు ఎదురుచూడవలసినవాళ్లున్నారు, నాకు లేరన్నాడు. తన కత్తి కొలువులో ఉండిపోయింది గనుక గొడ్డలి పట్టుకున్నాడు. దిగేముందు ముప్పమ చెంబుతో మజ్జిగ ఇచ్చింది. ఆమె వసారాలో కూర్చుని, చివరి చుక్కదాకా తాగి, చెంబు బోర్లించి, ఈ వసారా ఇంత చల్లగా ఉంటుందని తెలియదమ్మా అన్నాడు. ముప్పై ఏళ్లలో ఆయన ఒక ఇంటి నీడన కూర్చోవడం అదే మొదటిసారి.

గొడ్డలి నాలుగు దెబ్బలకు పొర కూలింది. ఆవలి అరుపులు గోతిలోనుంచి పైకి వచ్చాయి. ముప్పమ గోతి అంచున నిలబడి తన పమిట ఊపింది. కాలువ గట్టున ఒకడు, మెట్ల మీద ఒకడు, ఆ సంజ్ఞను అందుకుని పైకి పంపారు. దొన దగ్గర గుండయ తూము బండ మీద చేతులు పెట్టి ఒక్క ఊపిరి కాలం ఆగాడని, ఆ తరువాత బిగ్గరగా ఏడుస్తూ బండ లాగాడని చూసినవాళ్లు చెప్పారు. నీరు ఇళ్ల వెనకగా గర్జిస్తూ దిగింది. గోతిలో గొడ్డలి చప్పుడు ఇంకా వినబడుతూనే ఉంది. నీటి చప్పుడు వచ్చాక అది వినబడలేదు.

ఆ మధ్యాహ్నమే గోడకు అవతల భూమి కుంగి, పడమటి రాజు ఏరి తెచ్చిన తవ్వుడు మూకంతా దానిలో సమాధి అయింది. కోటలోనూ దొన అడుగంటింది. పదకొండు రోజులు మనిషికి దోసెడు నీళ్లతో గోడ కాచారు. పన్నెండోనాడు వానపడింది, కొండ కింద ఏరు పొంగి పడమటి దండు వెనుదిరిగింది. విద్దన ప్రెగడ రాత్రికి రాత్రి గోడ దిగి వాళ్లతోనే పోయాడు. ఇస్తామన్న గండ్రగిరి దొరతనం ఇమ్మని అడిగితే, కోటే చేతికి రానివాడికి దొరతనమెందుకని నవ్వి, ఏటి ఒడ్డున కట్టుబట్టలతో వదిలేశారట.

ఆషాఢ పున్నమికి జీతాల కొలువు. అడవినుంచి తిరిగివచ్చినవాళ్లు తిరిగివచ్చారు, రానివాళ్లు రాలేదు. గుండయ కూతుళ్లిద్దరూ వచ్చారు, భార్య రాలేదు. గోడ వెంట ఇళ్ల తాళాలు తీసి ఉన్నాయి. కాటభూపతి ఈసారి తానే వచ్చి కూర్చున్నాడు. కరణం పేర్లన్నీ చదివి పట్టీ చుట్టబోతుంటే ఆడవాళ్ల వరసలోనుంచి ముప్పమ లేచి, ఒక పేరు చదవలేదంది. ఆ పేరు కొట్టివేయబడిందనీ, చదివినా పలకడానికి ఆయన ఇంట ఎవరూ లేరనీ కరణం నసిగాడు.

“చదువు బాబూ. ఇల్లుందో లేదో మేం చెబుతాం.”

కరణం రాజువంక చూశాడు. కాటభూపతి తలెత్తలేకపోయాడు, చేత్తో మాత్రం చదవమన్నాడు.

“మేచయ నాయకుడు.”

మూడువందల గడపల ఆడా మగా ఒక్కసారే పలికారు.

“గోడ మీదున్నాడు.”

కరణం బత్తెం కొలిచాడు. ముప్పమ ఆ గింజలు కొంగులో పోసుకుని, గొయ్యి పూడ్చిన ఇంటి తలుపు తీసి, నేల అలికి, ఆవాల పళ్లెం తెచ్చి అక్కడ పెట్టింది. తరువాత వసారాలో కూర్చుని గింజలు చెరగడం మొదలుపెట్టింది.